అమెరికా అధ్యక్షులపై క్విజ్ ప్రశ్నలు కూర్చడం ఎలా?

అమెరికా అధ్యక్షుల జీవితాల మీద క్విజ్ ప్రశ్నలు తయారుచేయడం చాలా సులభమైన పని అని పైకి అనిపిస్తుంది. 1789 నుంచి ఇప్పటిదాకా ఆ పదవిలో కూర్చున్న ప్రతి ఒక్కరి పుట్టుక, చదువు, వృత్తి, పెళ్లి, జబ్బు, చావు అన్నీ తేదీలతో సహా నమోదై ఉన్నాయి. ముడిసరుకుకు కొదవ లేదు. అయినా పోటీ మధ్యలో జవాబు మీద తగవు వచ్చే అంశాల్లో ఇది ముందు వరుసలో ఉంటుంది. కారణం ఏమిటంటే, ఈ విశేషాలు ఒకరి నోటి నుంచి ఒకరి నోటికి మారేటప్పుడు వాటికి ఉన్న హద్దు మాట రాలిపోతుంది. "ఎన్నికైన వారిలో అతి పిన్న వయస్కుడు" కాస్తా "అతి పిన్న వయస్కుడు" అవుతుంది. "అమెరికా పౌరుడిగా పుట్టిన మొదటివాడు" కాస్తా "అమెరికాలో పుట్టిన మొదటివాడు" అవుతుంది. మొదటి వాక్యం నిజం, రెండోది అబద్ధం. కాబట్టి ప్రశ్న కూర్చేవారు ముందుగా అలవరచుకోవలసిన పద్ధతి ఒక్కటే: విశేషం దొరకగానే దానిని ప్రశ్నగా మార్చకుండా, అది ఏ నిబంధన వల్ల, ఏ సందర్భం వల్ల సాధ్యమైందో కనుక్కోవాలి. కారణం తెలిసిన విశేషానికి హద్దు మాట దానంతట అదే దొరుకుతుంది.

లెక్క, తేదీ

మొట్టమొదట అధ్యక్షుల సంఖ్యను సరిచూసుకోవాలి. 2025 జనవరి 20న డొనాల్డ్ ట్రంప్ 47వ అధ్యక్షుడిగా ప్రమాణం చేశారు. కానీ అప్పటికి ఆ పదవి చేపట్టిన వ్యక్తులు 45 మందే. గ్రోవర్ క్లీవ్‌లాండ్ 1885 నుంచి 1889 వరకు 22వ అధ్యక్షుడిగా ఉండి, 1888 ఎన్నికలో ప్రజల ఓట్లు ఎక్కువ తెచ్చుకుని కూడా, ఫలితాన్ని తేల్చే ఎలక్టోరల్ ఓట్లలో (రాష్ట్రాల తరఫున ఎలక్టర్లు అనే ప్రతినిధులు వేసే ఓట్లలో) బెంజమిన్ హారిసన్ చేతిలో ఓడిపోయి, 1892లో ఆయన్నే ఓడించి 24వ అధ్యక్షుడిగా తిరిగి వచ్చాడు. ట్రంప్ 45వ, 47వ అధ్యక్షుడు. వరుస సంఖ్య మనిషికి కాదు, ఎడతెగకుండా సాగిన పదవికి ఇస్తారు గనుక ఈ తేడా వచ్చింది. "ఎంతమంది?" అని అడిగితే ఒక జవాబు, "ఎన్నో అధ్యక్షుడు?" అని అడిగితే మరొక జవాబు. ఇలాంటి ప్రశ్న కింద జవాబు కాగితంలో "2025 నాటికి" అని తప్పనిసరిగా రాసి పెట్టుకోవాలి, ఎందుకంటే ప్రశ్నల కట్ట ఒకసారి తయారైతే ఏళ్ల తరబడి చేతులు మారుతూనే ఉంటుంది.

తేదీల విషయంలో రెండు రోజులు గుర్తుంటే సగం పొరపాట్లు తప్పుతాయి. పాత రోజుల్లో పదవీకాలం మార్చి 4న మొదలయ్యేది. 1933లో ఆమోదం పొందిన 20వ రాజ్యాంగ సవరణ దానిని జనవరి 20కి మార్చింది. ఆ మార్పు ప్రకారం ముందుగా ప్రమాణం చేసింది 1937లో ఫ్రాంక్లిన్ రూజ్‌వెల్ట్. 1933 మార్చి 4న మొదలైన ఆయన తొలి పదవీకాలం అందువల్ల ఆరు వారాలకు పైగా కుదించుకుపోయింది. జార్జ్ వాషింగ్టన్ మాత్రం ఈ రెండింటిలోనూ ఇమడడు. 1789 ఏప్రిల్ 30న న్యూయార్క్‌లోని ఫెడరల్ హాల్ వసారాలో ఆయన తొలి ప్రమాణం చేశాడు. వాషింగ్టన్ నగరంలో ఆయన ప్రమాణం చేయలేదు, వైట్‌హౌస్‌లో ఒక్క రాత్రి కూడా నివసించలేదు. ఆ భవనంలో మొదట కాపురం పెట్టింది 1800 నవంబరులో జాన్ ఆడమ్స్.

మార్చి 4 నుంచే ఒక ప్రసిద్ధమైన పుక్కిటి పురాణం కూడా పుట్టింది. 1849లో ఆ రోజు ఆదివారం. కొత్త అధ్యక్షుడు జాకరీ టేలర్ ఆదివారం నాడు ప్రమాణం చేయడానికి ఇష్టపడక మరునాడు చేశాడు. అధ్యక్షుడు జేమ్స్ పోక్ పదవీకాలం అప్పటికే ముగిసింది కాబట్టి, సెనేట్ తాత్కాలిక అధ్యక్షుడిగా ఉన్న డేవిడ్ అచిసన్ ఆ ఒక్కరోజూ అమెరికా అధ్యక్షుడయ్యాడని చెబుతారు. మిస్సోరీలోని ఆయన సమాధి మీది ఫలకం కూడా అదే మాట అంటుంది. అయితే అచిసన్ సెనేట్ పదవీకాలం కూడా అదే మార్చి 4న ముగిసింది. ఆయనా ఏ ప్రమాణమూ చేయలేదు. పైగా 1821లోనూ మార్చి 4 ఆదివారమే పడింది, జేమ్స్ మన్రో రెండోసారి ప్రమాణం 5వ తేదీనే చేశాడు, అప్పుడు ఎవరూ ఒక్కరోజు అధ్యక్షుడిని లెక్కగట్టలేదు. ఈ కథను "ఒక్కరోజు అధ్యక్షుడు ఎవరు?" అని అడగడం తప్పు, "ఒక్కరోజు అధ్యక్షుడని సమాధి ఫలకం మీద ఉన్న సెనేటర్ ఎవరు?" అని అడగడం ఒప్పు. ఎన్ని కట్టుకథలనైనా ఇలా మాట మార్చి నిజమైన ప్రశ్నలుగా వాడుకోవచ్చు.

"మొదటి", "ఏకైక", "అతి" అనే మాటలు

ఈ మూడు మాటల్లో ఏదైనా ప్రశ్నలో ఉందంటే, దానికి పోటీ పడగల మరో పేరు ఉందేమోనని వెతకాలి. దొరకకపోతే ప్రశ్న నిలుస్తుంది; దొరికితే హద్దు మాట చేర్చాలి.

వయసు విషయం తీసుకుందాం. 1901 సెప్టెంబరులో మెకిన్లీ హత్య వల్ల థియోడర్ రూజ్‌వెల్ట్ 42వ ఏట అధ్యక్షుడయ్యాడు. 1960లో గెలిచి 1961 జనవరిలో పదవి చేపట్టిన జాన్ కెనడీకి అప్పటికి 43 ఏళ్లు. "పదవి చేపట్టిన" అంటే రూజ్‌వెల్ట్, "ఎన్నికైన" అంటే కెనడీ. రెండో కొసన కూడా ఇదే చిక్కు. ప్రమాణం చేసే రోజుకు ఎక్కువ వయసున్నది 2025లో ట్రంప్. బైడెన్ కూడా 2021లో 78వ ఏటే ప్రమాణం చేశారు గాని, ట్రంప్ వయసు ఆయన కన్నా కొన్ని నెలలు ఎక్కువ. 2025 నాటి లెక్కలో పదవిలో ఉండగా ఎక్కువ వయసు చూసినది మాత్రం 82 ఏళ్లకు దిగిపోయిన బైడెనే.

మార్టిన్ వాన్ బ్యూరెన్ గురించి చాలామంది అజాగ్రత్తగా రాస్తారు. 1782లో న్యూయార్క్ రాష్ట్రంలోని కిండర్‌హుక్‌లో, డచ్ భాష మాట్లాడే ఇంట్లో పుట్టి, ఇంగ్లీషును రెండో భాషగా నేర్చుకున్న ఆయన, స్వాతంత్ర్య ప్రకటన తర్వాత పుట్టిన మొదటి అధ్యక్షుడు. ఆయనకు ముందున్న ఏడుగురూ అదే నేల మీద పుట్టారు గాని, బ్రిటిష్ రాజు ప్రజలుగా పుట్టారు. ఇక్కడ ఆగితే మామూలు ప్రశ్నే. ఆయన తర్వాత వచ్చిన విలియం హెన్రీ హారిసన్ 1773లో పుట్టినవాడు. అంటే బ్రిటిష్ పాలనలో పుట్టిన చివరి అధ్యక్షుడు, అమెరికా పౌరుడిగా పుట్టిన మొదటి అధ్యక్షుడి తర్వాత పదవిలోకి వచ్చాడు. పోటీదారులు వరుస తిప్పి ఆలోచించేలా చేసే ఈ మెలిక ప్రశ్నలు నాకు ఎక్కువ ఇష్టం. పుట్టుకతో పౌరుడై ఉండాలన్న రాజ్యాంగ నియమంలో, రాజ్యాంగాన్ని ఆమోదించే నాటికి పౌరులైన వారికి మినహాయింపు ఉండడం వల్లే ఇదంతా సాధ్యమైంది.

పెళ్లి కాని అధ్యక్షుడు అనగానే జేమ్స్ బుకానన్ పేరు చెబుతారు. జీవితాంతం పెళ్లి చేసుకోనివాడు ఆయన ఒక్కడే. కానీ క్లీవ్‌లాండ్ కూడా బ్రహ్మచారిగానే పదవిలోకి వచ్చి, 1886 జూన్ 2న వైట్‌హౌస్‌లోనే ఫ్రాన్సెస్ ఫోల్సమ్‌ను పెళ్లాడాడు. అప్పుడు ఆమెకు 21 ఏళ్లు. "పెళ్లి కాకుండా అధ్యక్షుడైన" అని అడిగితే రెండు జవాబులూ సరైనవే అవుతాయి, తగవు తప్పదు.

కొన్ని "ఏకైక"లు మాత్రం గట్టివి, నిశ్చింతగా వాడుకోవచ్చు. అధ్యక్షుడిగానూ సుప్రీంకోర్టు ప్రధాన న్యాయమూర్తిగానూ పనిచేసినది విలియం టాఫ్ట్ ఒక్కడే. 1921 నుంచి 1930 వరకు ఉన్న ఆ రెండో పదవినే ఆయన ఎక్కువగా కోరుకున్నాడు. పీహెచ్‌డీ పట్టా ఉన్నది ఉడ్రో విల్సన్‌కే. పదవి నుంచి దిగిన తర్వాత సెనేట్‌కు ఎన్నికై తిరిగి వచ్చింది ఆండ్రూ జాన్సన్ ఒక్కడే. 1868లో అభిశంసన విచారణలో ఒక్క ఓటు తేడాతో తనను నిర్దోషిగా వదిలిపెట్టిన ఆ సభలోకే 1875లో ఆయన మళ్లీ అడుగుపెట్టాడు. ఉపాధ్యక్షుడిగా రెండుసార్లు, అధ్యక్షుడిగా రెండుసార్లు ఎన్నికై, రాజీనామా చేసినది నిక్సన్. అభిశంసన జాబితాలో చాలామంది నిక్సన్ పేరు చేరుస్తారు, అది తప్పు. ప్రతినిధుల సభ అభిశంసించినది ఆండ్రూ జాన్సన్‌ను, 1998లో క్లింటన్‌ను, 2019లోనూ 2021లోనూ ట్రంప్‌ను. సభ ఓటు వేయకముందే, 1974 ఆగస్టు 9న నిక్సన్ తప్పుకున్నాడు.

పదవి చేతులు మారిన రాత్రులు

ఒక్క అంశం మీదే పది ప్రశ్నలు కావాలంటే, అధ్యక్షుడు మధ్యలో పోయినప్పుడు ఏమి జరిగిందన్న చోటే వెతకడం మేలు. విశేషాలన్నీ ఒకదానికొకటి అల్లుకుని ఉన్న చోటు ఇదే. ఎనిమిదిమంది పదవిలో ఉండగా చనిపోయారు: విలియం హెన్రీ హారిసన్, టేలర్, లింకన్, గార్‌ఫీల్డ్, మెకిన్లీ, హార్డింగ్, ఫ్రాంక్లిన్ రూజ్‌వెల్ట్, కెనడీ. వీరిలో హత్యకు గురైనవారు నలుగురు. నిక్సన్ రాజీనామాను కలుపుకుంటే, మధ్యలో అధ్యక్షులైన ఉపాధ్యక్షులు తొమ్మిదిమంది.

మొదటిసారి ఇది జరిగినప్పుడు ఏమి చేయాలో ఎవరికీ స్పష్టంగా తెలియదు. 1841 మార్చి 4న 68 ఏళ్ల హారిసన్ కోటు లేకుండా, టోపీ లేకుండా చలిలో నిలబడి దాదాపు రెండు గంటలు ప్రసంగించాడు; 8,400కు పైగా మాటలున్న ఆ ప్రసంగమే ప్రమాణ స్వీకార ప్రసంగాలలో ఇప్పటికీ అన్నిటికన్నా పొడవైనది. సరిగ్గా నెలరోజులకు, ఏప్రిల్ 4న ఆయన చనిపోయాడు. చలిలో ప్రసంగించడం వల్లే న్యుమోనియా వచ్చి పోయాడని అందరూ చెప్పుకుంటారు. కానీ ఆయన మంచం పట్టింది మార్చి 26న, ప్రసంగమైన మూడు వారాలకు. తర్వాతి కాలపు వైద్య పరిశోధకులు వైట్‌హౌస్ నీటిలో మురుగు కలిసి పేగు జ్వరం వచ్చి ఉండవచ్చని భావించారు. అందువల్ల "చలిలో ప్రసంగించి చనిపోయిన అధ్యక్షుడు" అని ప్రశ్నలో రాయకూడదు. "అన్నిటికన్నా పొడవైన ప్రమాణ స్వీకార ప్రసంగం చేసి, అన్నిటికన్నా తక్కువ కాలం పదవిలో ఉన్న అధ్యక్షుడు" అంటే చాలు, చమత్కారమూ తగ్గదు, నిజమూ చెడదు.

అధ్యక్షుడు చనిపోతే ఆయన అధికారాలు మాత్రమే ఉపాధ్యక్షుడికి వస్తాయా, పదవే వస్తుందా అన్నది రాజ్యాంగం తేల్చి చెప్పలేదు. ఉపాధ్యక్షుడు జాన్ టైలర్ ఆ సందిగ్ధాన్ని లెక్కచేయకుండా, తానే పూర్తి అధ్యక్షుడినని ప్రమాణం చేసి, "తాత్కాలిక అధ్యక్షుడు" అని రాసిన ఉత్తరాలను విప్పకుండానే తిప్పి పంపేవాడు. ప్రత్యర్థులు ఆయనకు అనుకోకుండా వచ్చిపడ్డ అధ్యక్షుడని పేరు పెట్టారు. సొంత విగ్ పార్టీ ఆయనను బహిష్కరించింది. అయినా ఆయన వేసిన బాటలోనే తర్వాతి వారందరూ నడిచారు. 1967లో ఆమోదం పొందిన 25వ సవరణ దాకా అది రాతపూర్వకమైన నియమం కాలేదు. టైలర్ మీద మరో మంచి విశేషం ఉంది. ఆయనకు ఇద్దరు భార్యల వల్ల 15 మంది పిల్లలు. ముసలితనంలో పుట్టిన ఒక కొడుక్కి, ఆ కొడుకు ముసలితనంలో పుట్టిన ఒక కుమారుడు 2025 వరకు జీవించాడు. 1790లో పుట్టిన మనిషి మనవడు ఇరవై ఒకటో శతాబ్దంలో ఉన్నాడంటే వినేవారు ఒకపట్టాన నమ్మరు, అందుకే ఈ ప్రశ్న వాడేవారు ఆ మూడు తరాల పుట్టిన ఏళ్లనూ (1790, 1853, 1928) జవాబు కింద రాసి పెట్టుకోవాలి.

ఈ వరుసలో దృశ్యంగా చెప్పదగినది కాల్విన్ కూలిడ్జ్ కథ. 1923 ఆగస్టు 2న శాన్‌ఫ్రాన్సిస్కోలో హార్డింగ్ చనిపోయేసరికి ఉపాధ్యక్షుడు కూలిడ్జ్ వెర్మాంట్ రాష్ట్రంలోని ప్లిమత్ నాచ్ అనే పల్లెలో తండ్రి ఇంట్లో నిద్రపోతున్నాడు. ఆ ఇంట్లో టెలిఫోన్ లేదు, కరెంటు లేదు. అర్ధరాత్రి దాటాక మనిషి వచ్చి తలుపు తట్టి వార్త చెప్పాడు. కూలిడ్జ్ తండ్రి జాన్ ఆ ఊళ్లో నోటరీ. తెల్లవారుజామున 2 గంటల 47 నిమిషాలకు, ముందు గదిలో కిరోసిన్ దీపం వెలుగులో, తండ్రి చదివి చెబుతుండగా కొడుకు అధ్యక్షుడిగా ప్రమాణం చేసి, వెళ్లి మళ్లీ పడుకున్నాడు. రాష్ట్ర నోటరీ చేయించిన ప్రమాణం కేంద్ర పదవికి చెల్లుతుందా అన్న అనుమానం వచ్చి, ఆ నెలలోనే వాషింగ్టన్‌లో ఒక న్యాయమూర్తి ఎదుట గుట్టుగా రెండోసారి ప్రమాణం చేయించారు. ఈ ఒక్క ఘట్టం నుంచి సులభమైన ప్రశ్న (తండ్రి చేత ప్రమాణం చేయించుకున్న అధ్యక్షుడు), మధ్యరకం ప్రశ్న (ఆ తండ్రి ఏ హోదాలో చేయించాడు), కష్టమైన ప్రశ్న (రెండోసారి ఎందుకు చేయవలసి వచ్చింది) మూడూ తీయవచ్చు. సుప్రీంకోర్టు ప్రధాన న్యాయమూర్తే ప్రమాణం చేయించాలని రాజ్యాంగంలో ఎక్కడా లేదు. అది ఆనవాయితీ మాత్రమే. 1963 నవంబరు 22న డల్లాస్‌లో విమానంలో లిండన్ జాన్సన్ చేత ప్రమాణం చేయించింది జిల్లా ఫెడరల్ న్యాయమూర్తి సారా హ్యూస్. 2025 నాటికి ఆ పని చేసిన మహిళ ఆమె ఒక్కరే.

ఇక జెరాల్డ్ ఫోర్డ్. 1973లో ఉపాధ్యక్షుడు స్పైరో ఆగ్న్యూ రాజీనామా చేస్తే, 25వ సవరణ ఇచ్చిన కొత్త అధికారంతో నిక్సన్ ఆయన పేరు ప్రతిపాదించాడు, ఉభయ సభలూ ఆమోదించాయి. మరుసటి ఏడాది నిక్సనే రాజీనామా చేశాడు. ఆ విధంగా అధ్యక్ష పదవికి గాని ఉపాధ్యక్ష పదవికి గాని దేశవ్యాప్త ఎన్నికలో గెలవకుండా అధ్యక్షుడైనవాడు ఫోర్డ్ ఒక్కడే. ఆ సవరణకు ముందు ఖాళీ అయిన ఉపాధ్యక్ష పదవిని నింపే దారే లేదు. అందుకే టైలర్, ఫిల్‌మోర్, ఆండ్రూ జాన్సన్, ఆర్థర్ అనే నలుగురు ఒక్కరోజు కూడా ఉపాధ్యక్షుడు లేకుండానే పదవీకాలం గడిపారు. ఈ నలుగురిని కలిపే అంశం ఏమిటని అడిగితే గట్టి పోటీదారులు కూడా కాసేపు ఆలోచనలో పడతారు.

ఒక ప్రశ్నను చెక్కడం

విశేషం ఎంత మంచిదైనా మాటల కూర్పు సరిగా లేకపోతే పనికిరాదు. గార్‌ఫీల్డ్ విషయమే చూద్దాం. "పైథాగరస్ సిద్ధాంతాన్ని నిరూపించిన అమెరికా అధ్యక్షుడు ఎవరు?" అని అడిగేవారు చాలామంది. ఇందులో లోపాలు రెండు. ఆ సిద్ధాంతానికి వేల ఏళ్లుగా నిరూపణలు ఉన్నాయి. గార్‌ఫీల్డ్ చేసింది మరొక కొత్త నిరూపణ. రెండోది, అది ప్రచురితమైన 1876లో ఆయన అధ్యక్షుడు కాదు, ఒహాయో నుంచి ప్రతినిధుల సభ సభ్యుడు. సరిదిద్దితే ఇలా వస్తుంది: "ప్రతినిధుల సభలో ఉండగా 1876లో పైథాగరస్ సిద్ధాంతానికి ఒక కొత్త నిరూపణను ప్రచురించి, 5 ఏళ్ల తర్వాత అధ్యక్ష పదవి చేపట్టినది ఎవరు?" ఇప్పుడు లెక్కలు తెలియనివారు కూడా 1881 అనే ఏడాదిని పట్టుకుని జవాబు రాబట్టగలరు. ఇంకొంచెం కష్టం చేయాలంటే నిరూపణనే ఆధారంగా ఇవ్వవచ్చు: రెండు సమాన లంబకోణ త్రిభుజాలను ఒకే గీత మీద నిలిపి, వాటి కొసలను కలిపితే సమలంబ చతుర్భుజం ఏర్పడుతుంది, దాని వైశాల్యాన్ని రెండు రకాలుగా లెక్కగట్టి సమానం చేస్తే సిద్ధాంతం తేలుతుంది. ఆ పటం గీసి చూపించి పేరు అడగడం చాలా అందంగా ఉంటుంది. ప్రతినిధుల సభ సభ్యుడిగా ఉంటూనే అధ్యక్షుడిగా ఎన్నికైనది ఆయన ఒక్కడే అన్నది అదనపు ఆధారం. ఒక చేత్తో లాటిన్, మరో చేత్తో గ్రీకు ఏకకాలంలో రాసేవాడన్న కథకు మాత్రం నమ్మదగిన సాక్ష్యం లేదు, దాన్ని వదిలేయాలి.

లింకన్ పేటెంటు కూడా ఇలాగే జాగ్రత్తగా వాడవలసినది. 1849 మే 22న 6469వ నంబరుతో ఆయనకు పేటెంటు వచ్చింది. పడవకు రెండు పక్కలా గాలి నింపే తిత్తులు అమర్చి, నీరు తక్కువగా ఉన్న ఇసుకమేటల మీద పడవను పైకి తేల్చే ఉపాయం అది. పేటెంటు ఉన్న అధ్యక్షుడు ఆయనొక్కడే. ఆ పరికరం ఎప్పుడూ తయారై వాడుకలోకి రాలేదు కాబట్టి, "కనిపెట్టి వాడుకలోకి తెచ్చిన" అనే మాట ఎక్కడా దొర్లకూడదు. యువకుడిగా ఉన్నప్పుడు 1831లో న్యూ సేలం దగ్గర ఒక మిల్లు ఆనకట్ట మీద ఆయన పడవ చిక్కుకున్న సంఘటనను జోడిస్తే, ఈ ఊహ ఎక్కడిదో పోటీదారులకు అర్థమవుతుంది.

పూర్వ వృత్తుల మీద ప్రశ్నలు వేసేవారు దర్జీ ఆండ్రూ జాన్సన్‌నూ, వేరుశనగ రైతు కార్టర్‌నూ, నటుడు రీగన్‌నూ దాటి ముందుకు పోరు. హెర్బర్ట్ హూవర్ గనుల ఇంజనీరు. స్టాన్‌ఫర్డ్ విశ్వవిద్యాలయం మొదటి బ్యాచ్ విద్యార్థి. ఆస్ట్రేలియా బంగారు గనుల్లోనూ చైనాలోనూ పనిచేశాడు. చైనాలో నేర్చుకున్న భాషను ఆయనా భార్యా వైట్‌హౌస్‌లో ఇతరులకు అర్థం కాకుండా మాట్లాడుకోవడానికి వాడుకున్నారు. ఆ ఒక్క వాక్యం ఆధారంగా ఇచ్చినా చాలు.

కట్టుకథలను ఏరివేయడం

వాషింగ్టన్ పళ్లు కొయ్యవి కావు. ఆయన కట్టుడు పళ్లలో నీటిగుర్రం దంతం, మనుషుల పళ్లు, సీసం, ఇత్తడి, స్ప్రింగులు ఉండేవి, కొయ్య లేదు. 1789లో ప్రమాణం చేసేనాటికి ఆయన నోట్లో సొంత పన్ను ఒక్కటే మిగిలింది. ఆయన ఎస్టేట్ లెక్కల పుస్తకంలో 1784లో నల్లజాతీయుల నుంచి 9 పళ్లు కొన్నట్టు పద్దు ఉంది. ఇలాంటి వివరాన్ని హాస్యంగా అడగడం బాగుండదు, అలాగని దాచడమూ బాగుండదు. అధ్యక్షులలో 12 మంది జీవితంలో ఏదో ఒక దశలో బానిసలను సొంతం చేసుకున్నవారు, 8 మంది పదవిలో ఉండగా కూడా. వారి జీవిత విశేషాలు అడిగే పోటీలో ఈ సంగతి ఒక్కసారైనా రాకపోతే అది అసంపూర్ణమనే నా అభిప్రాయం. చెర్రీ చెట్టు నరికి నిజం ఒప్పుకున్న బాలుడి కథ ఒక జీవిత చరిత్రకారుడి కల్పన.

1820 ఎన్నికలో మన్రోకు ఒక్క ఓటు తప్ప ఎలక్టోరల్ ఓట్లన్నీ వచ్చాయి. ఏకగ్రీవ ఎన్నిక అనే ఘనత వాషింగ్టన్‌కే దక్కాలని ఆ ఒక్క ఎలక్టర్ వేరే ఓటు వేశాడని అంటారు. న్యూ హాంప్‌షైర్‌కు చెందిన ఆ విలియం ప్లమర్‌కు మన్రో పాలన నచ్చలేదు, అంతే. స్నానపు తొట్టెలో టాఫ్ట్ ఇరుక్కుపోయాడన్న కథకు ఆధారం లేదు. ఆయన కోసం చాలా పెద్ద తొట్టె చేయించిన మాట మాత్రం నిజం.

లింకన్‌కూ కెనడీకీ మధ్య పోలికల జాబితాను ఉన్నదున్నట్టు నమ్మకూడదు. 1860లోనూ 1960లోనూ ఎన్నిక కావడం, ఇద్దరిపైనా శుక్రవారమే కాల్పులు జరగడం, తర్వాత వచ్చిన ఇద్దరి ఇంటిపేరూ జాన్సన్ కావడం, ఆ జాన్సన్లు 1808లో ఒకరు, 1908లో ఒకరు పుట్టడం నిజమే. లింకన్‌కు కెనడీ అనే కార్యదర్శి ఉన్నాడనడం నిరాధారం. ఆయన కార్యదర్శులుగా తెలిసినవారు జాన్ నికొలే, జాన్ హే. దీనికి పూర్తి విరుద్ధంగా, కట్టుకథలా వినిపించి నిజమైన సంగతి జూలై 4ది. స్వాతంత్ర్య ప్రకటనకు సరిగ్గా 50 ఏళ్లు నిండిన 1826 జూలై 4న జెఫర్సన్, జాన్ ఆడమ్స్ ఇద్దరూ కొన్ని గంటల తేడాతో చనిపోయారు. మరో ఐదేళ్లకు అదే తేదీన మన్రో పోయాడు. ఆ తేదీన పుట్టిన అధ్యక్షుడు మాత్రం ఒక్క కూలిడ్జే. నిజమైన పోలికలూ కల్పితమైనవీ కలిపి ఐదు ఇచ్చి, నిజం కానిది ఏదని అడగడం ఈ విభాగానికి బాగా నప్పుతుంది.

జవాబు కాగితం

ప్రశ్నల వరుస గురించి చెప్పవలసింది కొద్దిగానే ఉంది. కాలక్రమంలో అడగకూడదు, అడిగితే పోటీదారులు పేర్ల జాబితాను మనసులో నడిపిస్తూ ఊహించేస్తారు. పద్దెనిమిదో శతాబ్దానిది ఒకటి అడిగితే తర్వాతది ఇరవయ్యో శతాబ్దానిదై ఉండాలి.

జవాబు కాగితానికి మాత్రం ప్రశ్నకు పట్టినంత శ్రద్ధా పట్టాలి. పూర్తి పేరు, ఒప్పుకోదగిన ఇతర రూపాలు, ఒప్పుకోకూడని దగ్గరి పేర్లు మూడూ రాయాలి. ఆడమ్స్‌లు ఇద్దరు తండ్రీకొడుకులు, బుష్‌లు ఇద్దరూ అంతే. హారిసన్‌లు తాతా మనవళ్లు. రూజ్‌వెల్ట్‌లు దూరపు బంధువులు. జాన్సన్‌లు ఇద్దరికీ ఏ సంబంధమూ లేదు. ఇంటిపేరు ఒక్కటే చెబితే ఈ ఐదు జంటల దగ్గర పూర్తి పేరు అడగాలని నియమం ముందే ప్రకటించాలి. పుట్టినప్పటి పేర్లతో కూడా చిక్కులు ఉన్నాయి: ఫోర్డ్ పుట్టినప్పటి పేరు లెస్లీ కింగ్ జూనియర్, క్లింటన్ పుట్టినప్పటి ఇంటిపేరు బ్లైత్, ఇద్దరూ మారుటి తండ్రుల ఇంటిపేర్లతో పెరిగినవారు. గ్రాంట్ అసలు పేరు హైరమ్ యులిసిస్. వెస్ట్ పాయింట్ సైనిక విద్యాలయానికి సిఫారసు చేసిన కాంగ్రెస్ సభ్యుడు యులిసిస్ ఎస్. అని పొరపాటున రాయడంతో ఆ పేరే నిలిచిపోయింది. గ్రాంట్ పేరులోని "ఎస్" దేనికి సంక్షేపమని అడిగితే, చాలామంది తల్లి పుట్టింటి పేరైన సింప్సన్ అని చెబుతారు. గ్రాంట్ స్వయంగా అది దేనికీ సంక్షేపం కాదని రాశాడు కాబట్టి ఆ జవాబును ఒప్పుకోవడమా మానడమా అన్నది ముందే తేల్చి రాసుకోవాలి. ట్రూమన్ "ఎస్" మీద ఆ ఇబ్బంది లేదు: తాతలిద్దరి పేర్లలోనూ ఆ అక్షరం ఉన్నందున ఇద్దరినీ సంతోషపెట్టడానికి తల్లిదండ్రులు ఉత్త అక్షరమే పెట్టారు, "దేనికీ కాదు" అన్న జవాబుకే మార్కు ఇవ్వాలి, షిప్ అని గాని సాలమన్ అని గాని ఒక్క తాత పేరే చెప్పినవారికి ఇవ్వకూడదు.